పెద్దకోడలా, చిన్నకోడలా

బారిడీహ్‌లో మేమున్న క్వార్టరు గేటు దగ్గర ఎవరైనా నిలబడి పిలిస్తే నేను చివరిదాకా వినేదాన్ని కాదు. మొదటి అక్షరం చాలు నాకు. "పె" అని మొదలైతే పెద్దకోడలమ్మా అని, అంటే నేను. "సి" అని మొదలైతే సిన్నకోడలమ్మా అని, అంటే నా తోడికోడలు. పొయ్యి మీద పప్పు పొంగుతున్నా, చేతికి పిండి అంటుకుని ఉన్నా, నా చెవి మాత్రం గేటు దగ్గరే ఉండేది. "సి" వినబడిందా, ఆ పూట కూరలో ఉప్పు ఎక్కువయ్యేది. మా ఆయన మొదటి ముద్ద నోట్లో పెట్టుకుని నా ముఖంలోకి చూసి, "ఏటి, ఈయేల సిన్నదాన్ని పిలిసినారేటి?" అనేవారు. నేను మజ్జిగ గిన్నె ఆయన ముందుకు తోసేదాన్ని.

పిలిచేది పేరంటానికి కాదు, ఆసుపత్రికి. శ్రీకాకుళం, విజయనగరం వైపు నుంచీ, ఒరిస్సా సరిహద్దు ఊళ్ళ నుంచీ మగవాళ్ళు ముందు హిందీ మాట్లాడే ఈ ఊరికి, ఉక్కు కార్ఖానా పనికి వచ్చేవాళ్ళు. కొన్నాళ్ళకి క్వార్టరో, బస్తీలో అద్దె గదో దొరికాక పెళ్ళాల్ని తెచ్చుకునేవాళ్ళు. మగవాళ్ళకి పనిలో, షిఫ్టు బస్సులో హిందీ పట్టుబడిపోయేది. నాలుగ్గోడల మధ్య ఉండే ఆడదానికి ఎక్కణ్ణుంచి పట్టుబడుతుంది? కూరల బండివాడితో వేళ్ళు చూపించి బేరమాడితే సరిపోతుంది గానీ, డాక్టరుకి వేళ్ళు చూపిస్తే ఏం తెలుస్తుంది? ఒంట్లో బాగోలేని రోజున మొగుడు డ్యూటీలో ఉంటాడు. లేకపోయినా, ఆడవాళ్ళ సంగతులు చెప్పడానికి సిగ్గుపడి గుమ్మం దగ్గరే ఆగిపోతాడు. అందుకని హిందీ వచ్చిన ఆడమనిషి ఒకరు వెంట వెళ్ళాలి. వీళ్ళ బాధ డాక్టరుకి, డాక్టరు మాట వీళ్ళకి చెప్పాలి. మా మరిదికి పెళ్ళయ్యేదాకా మా చుట్టుపక్కల ఆ మనిషిని నేనే.

నాకు హిందీ వచ్చని నాకే తెలియదు. డెబ్బైల మొదట్లో నేను కాపురానికి వచ్చిన కొత్త. మా అత్తగారికి ఆయాసం. ఒకనాటి పొద్దున్న మరీ ఎక్కువైతే రిక్షాలో ఆసుపత్రికి తీసుకెళ్ళాను. మా ఆయనా, మరిదీ డ్యూటీలో ఉన్నారు. నర్సు వచ్చి, "క్యా తక్లీఫ్ హై, మాతాజీ?" అనడిగింది. ఏమిటి బాధ అని. మా అత్తగారు గుండె మీద చెయ్యి వేసుకుని, "గాలి నై ఆతా, బాబూ, గాలి నై ఆతా" అన్నారు. గాలి ఆడటం లేదని ఆవిడ ఉద్దేశం. హిందీలో గాలీ అంటే తిట్టు. నాకు తిట్టడం రాదు బాబూ అని ఈ ముసలావిడ ఎందుకు మొత్తుకుంటోందో నర్సుకి అర్థం కాలేదు. "నహీ ఆతా తో అచ్ఛా హై, మాతాజీ" అంది. రాకపోతే మంచిదే కదా అని. వరసలో ఉన్నవాళ్ళంతా నవ్వారు. మా అత్తగారు ఇంక మందిస్తారు కాబోలనుకుని తల ఊపారు.

నాకు ఒళ్ళు మండిపోయింది. అప్పటిదాకా వీధిలో నోరెత్తి ఎరగను. పక్కింటి బిహారీ ఆవిడ తన మామగారి ఉబ్బసం గురించి చెప్పినప్పుడు విన్న మాట ఒకటి గుర్తొచ్చి, "సాస్ నై ఆతా! సాస్!" అని గట్టిగా అరిచాను. నర్సు నన్ను చూసి, మా అత్తగార్ని చూసి, "సాస్ తో యహీ బైఠీ హై" అంది. ఊపిరి అనాలంటే ఆ మాటని ముక్కుతో పలకాలి. మన నోటికి ఆ ముక్కు పలుకు రాదు. ముక్కు తీసేస్తే సాస్ అంటే అత్తగారు. అత్తగారు ఇక్కడే కూర్చుంది కదా అంటోంది నర్సు. అత్తగారి భుజం పట్టుకుని నిలబడి, మా అత్తగారు రావడం లేదు మొర్రో అని అరుస్తున్నానన్న మాట. అయితేనేం, అరుస్తూనే ఎగపోస్తున్నట్టు రొమ్ము ఎగరేసి చూపించాను. నర్సు నవ్వు ఆగిపోయింది. వెంటనే లోపలికి తీసుకెళ్ళారు. సూది వేశారు. మధ్యాహ్నానికి మా అత్తగారు తేరుకుని కూర్చున్నారు.

ఇంటికొచ్చిన దగ్గర్నుంచి ఆవిడ కనబడిన వాళ్ళందరికీ చెప్పడమే. "మా పెద్దకోడలు ఆస్పట్లో ఇందీ దులిపీసినాది. దాని నోరు సూసి ఆల్లు బేగి నోపలికి తీస్కెల్లిపోనారు." అంతే, గేటు దగ్గర పిలుపులు మొదలయ్యాయి.

మా పుట్టింట్లో నేను ఆడపిల్లల్లో ఆఖరుదాన్ని. అన్నీ అక్కలు చేసేసేవారు, అన్నీ అక్కలే చెప్పేసేవారు. నువ్వు రావే, నువ్వుంటే ధైర్యం అని ఒక్కరు అనలేదు నన్ను. ఇక్కడ ముక్కూ మొహం తెలియని ఆడవాళ్ళు గేటు పట్టుకుని నిలబడేవాళ్ళు. "పెద్దకోడలమ్మా, కూసింత తోడొత్తావేటి?" అనేవాళ్ళు. పొయ్యి మీద గిన్నె దించేసి, గంజి పెట్టిన చీర కట్టుకుని బయల్దేరేదాన్ని. ఒకమ్మాయి, ఒళ్ళు కాలిపోతున్న పసిదాన్ని చంకనేసుకుని, ఆసుపత్రిలో ఉన్నంతసేపూ నా పమిట చెంగు పిడికిట్లో పట్టుకునే ఉంది. డాక్టరు చెప్పింది విని, "ఏటీ బయం నేదట. మందు పడితే తగ్గిపోద్దట" అన్నాను. అప్పుడు ఆ పిల్ల ముఖం విచ్చుకుంది చూడండి, దానికోసమే నేను పుట్టానేమో అనిపించింది. పెద్ద మాటే. కానీ నాకు అలాగే అనిపించింది, ఇప్పుడు దాన్ని చిన్నది చేసి చెప్పను.

నా హిందీ ఏమీ బాగుపడలేదు. నర్సులే నా హిందీ నేర్చుకున్నారు. నన్ను చూడగానే, "సాస్‌వాలీ ఆ గయీ", సాస్ ఆవిడ వచ్చేసింది, అనుకుని నవ్వేవారు. నేను దాన్ని బిరుదులాగే తీసుకున్నాను.

అలాంటి చోటికి మా మరిది ఖరగ్‌పూర్ నుంచి పెళ్ళాన్ని తెచ్చుకున్నాడు. రైల్వే వాళ్ళ పిల్ల. పుట్టింది, పెరిగింది, చదివింది అంతా అక్కడే. కళ్ళు మూసుకుని వింటే తెలుగింటి పిల్ల అనుకోరు. అంత హిందీ. కాపురానికి వచ్చిన కొత్తలోనే నేనే దాన్ని ఆసుపత్రికి వెంటబెట్టుకెళ్ళాను, నా గొప్ప చూపించుకుందామని. ఆ రోజు వచ్చిన మనిషికి కూడా ఆయాసమే. నేను దర్జాగా, "ఇస్కో సాస్ నై ఆతా" అన్నాను. చిన్నది నా చెవి దగ్గరికి వచ్చి మెల్లిగా, "అక్కా, సాస్ కాదు. కొంచెం ముక్కుతో అనాలి" అని పలికి చూపించింది. మెల్లిగానే అంది గానీ నర్సు వినేసింది. ఇన్నాళ్ళకి సరిగ్గా విన్నానని పకపకా నవ్వి, మిగతాదంతా చిన్నదాన్నే అడిగింది. నేను సంచీ పట్టుకుని పక్కన నిలబడ్డాను. తల కొట్టేసినట్టయింది.

ఆ తర్వాత ఎన్నాళ్ళు పట్టింది? గేటు దగ్గర "సి"లు పెరిగాయి, "పె"లు తగ్గాయి. చిన్నది డాక్టరుతో నవ్వుతూ మాట్లాడుతుందట. మందు చీటీ చదివి ఏ మాత్ర ఎందుకో కూడా చెబుతుందట. వినీ వినీ నా చెవులు పగిలిపోయేవి. వంటింట్లో ఎవరూ లేనప్పుడు ముక్కు పట్టుకుని ఆ మాట అనడం సాధన చేసేదాన్ని. ముక్కు మూస్తే రాదు, వదిలేస్తే రాదు. ఒకసారి మా ఆయన విని, "జలుబు సేసినాదేటే?" అన్నారు. కషాయం కాచుకోమని సలహా కూడా ఇచ్చారు.

ఒకరోజు టెల్కో కాలనీ నుంచి ఒకావిడ వచ్చి చిన్నదాన్ని అడిగింది. చిన్నది పెరట్లో బట్టలు ఉతుకుతోంది. ఇంట్లో లేదని చెప్పి పంపేశాను. అది తడి చేతులు కొంగుకి తుడుచుకుంటూ వచ్చి, "ఎవరొచ్చారు అక్కా?" అంది. పాలవాడన్నాను. పాలవాడు ఆ వేళకి రాడని దానికీ తెలుసు. అయినా తల ఊపి మళ్ళీ బట్టల దగ్గరికి వెళ్ళిపోయింది. అదే నాకు గిట్టనిది. దానికి పొగరు లేదు. పొగరుంటే హాయిగా తిట్టుకునేదాన్ని. ఆసుపత్రి నుంచి రాగానే చెప్పులైనా విడవకుండా, "అక్కా, ఆవిడకి భయం లేదన్నారు! ఎంత ఖుష్ అయిపోయిందో!" అంటూ నా ముందు కూర్చునేది. కళ్ళు మెరిసిపోతూ ఉండేవి. ఆ మెరుపు నాది, దీని కళ్ళలోకి ఎలా పోయిందా అని చూసేదాన్ని.

సీతారాండేరా నుంచి ఒక ముసలమ్మ వచ్చేది. ఆవిడ పూర్తిగా నా మనిషి. కళ్ళకి, కాళ్ళకి, దేనికైనా నేనే వెళ్ళాను. అలాంటిది ఒకనాడు నా ఎదురుగా నిలబడి, "సిన్నకోడలుందేటి?" అంది.

"నానున్నాను కదమ్మా," అన్నాను.

"నీకెందుకమ్మా సెమ, నువ్వు కూకో. ఆ గుంటైతే డాట్రుబాబు కాడ బయం నేకుండా మాట్టాడతాది."

నాకు శ్రమ అట. లోపలికి వెళ్ళి గిన్నెలన్నీ చప్పుడయ్యేలా తోమాను. అదీ ఓర్చుకున్నాను. కానీ ఆ చలికాలం మా అత్తగారికి మళ్ళీ ఆయాసం వచ్చింది. నేను చీర మార్చుకుని వచ్చేసరికి ఆవిడ గుమ్మంలో చిన్నదాని చెయ్యి పట్టుకుని నిలబడి ఉన్నారు. "పెద్దదానా, నువ్వు వంట సూసుకో. సిన్నదొత్తాది నాతోటి," అన్నారు. అంత ఆయాసంలోనూ నా వైపు చూసి నవ్వారు కూడా, నన్ను కష్టపెట్టడం లేదన్నట్టు. రిక్షా వెళ్ళిపోయింది. నేను గుమ్మంలో కూర్చుని ఏడ్చాను. ఆవిడ కోసం ఏడుస్తున్నానని పక్కింటి బిహారీ ఆవిడ వచ్చి ఓదార్చింది. నేను వద్దనలేదు.

ఎనభైల్లో ఒక వానాకాలం, నాకే కడుపులో నొప్పి వచ్చింది. పొద్దున్నుంచీ ఉంది. ఎవరికీ చెప్పలేదు. చెబితే ఆసుపత్రి అంటారు, ఆసుపత్రి అంటే చిన్నది అంటారు. పిండి రుబ్బుతూ మధ్యమధ్య గోడ వైపు తిరిగి కడుపు నొక్కుకుని, మళ్ళీ రుబ్బుతూ గడిపాను. సాయంత్రానికి నిలబడలేకపోయాను. చిన్నది వచ్చి, నన్నొక మాట అడగలేదు, రిక్షా పిలిచింది. దారి పొడుగునా నేను మనసులో హిందీ సిద్ధం చేసుకున్నాను. నా నొప్పి నేనే చెబుతాను, నాకు ఇంకొకరి నోరు అక్కర్లేదు అని.

డాక్టరు వచ్చి ఎక్కడ, ఎలా ఉంది అనడిగాడు. నా నోట్లోంచి ఒక్క హిందీ మాట రాలేదు. ఎంతమంది నొప్పులు చెప్పాను నేను! నా దగ్గరికి వచ్చేసరికి, "ఓలమ్మో, ఓలమ్మో, నాను సచ్చిపోతన్నాను" అన్న మాట తప్ప ఇంకేమీ లేదు. అప్పుడు చిన్నది మొదలుపెట్టింది. పొద్దున్న బొడ్డు దగ్గర ఉండేదండీ, మధ్యాహ్నం నుంచి కిందికి, కుడివైపుకి వచ్చింది. పొద్దున్నుంచీ ఏమీ తినలేదు, తిన్నట్టు నటించింది. ఒకసారి వాంతి చేసుకుని నీళ్ళు పోసేసింది. అన్నీ దాచుకుంటుంది ఈవిడ. ఇలా హిందీలో గడగడా చెబుతోంది. నేను నోరు తెరుచుకుని విన్నాను. గోడ వైపు తిరిగినప్పుడు నా చెయ్యి ఎక్కడుందో ఇది ఎప్పుడు చూసింది? నేను ఎంతోమంది మాటలు మోశాను గానీ, చెప్పని మాట ఎప్పుడైనా మోశానా? ప్రాణం పోతున్నట్టున్నా నాకు కలిగింది మాత్రం కుళ్ళే. నా నొప్పిని నాకంటే బాగా చెబుతోందే అని. ఆ కుళ్ళుతోనే దాని వైపు చూస్తే, దాని పమిట చెంగు నా పిడికిట్లో ఉంది. ఎప్పుడు పట్టుకున్నానో తెలియదు. వదిలేద్దామనుకున్నాను. చెయ్యి వదల్లేదు. అపెండిక్స్ అన్నారు, వెంటనే ఆపరేషన్ అన్నారు. థియేటర్ తలుపు దగ్గర నర్సే నా వేళ్ళు ఒక్కొక్కటీ విప్పింది.

ఆపరేషన్ అయ్యాక మంచం మీద నుంచి కదలొద్దన్నారు. చిన్నది రోజూ ఫ్లాస్కులో జావ తెచ్చేది. అది వస్తే వార్డంతా కళకళలాడేది. ఏ మంచం దగ్గర ఎవరికేం కావాలో కనుక్కుని నర్సుకి చెప్పేది. హిందీ వచ్చినవాళ్ళు కూడా దాన్నే పిలిచేవాళ్ళు. నేను కుట్ల మీద చెయ్యి వేసుకుని ఆ తతంగమంతా చూస్తూ పడుకునేదాన్ని. లేవలేని మనిషికి ఈర్ష్య ఇంకా ఎక్కువ అవుతుంది, వేరే పని ఉండదు కదా.

ఒకనాటి మధ్యాహ్నం నా పక్క మంచం మీదికి ఒక కొత్తమ్మాయిని తెచ్చారు. ఎవరితోనూ మాట్లాడదు, గోడ వైపు తిరిగి పడుకుంది. నర్సు మాత్ర ఇస్తే పెదాలు బిగించేసింది. నర్సు బుజ్జగించింది, కాస్త కసిరింది, లాభం లేదు. ఆ పిల్ల గోడతో గొణుక్కున్న మాట నా చెవిన పడింది. తెలుగే. మధ్యలో ఒక ఒడియా ముక్క ఉంది, సరిహద్దు ఊళ్ళ పిల్ల. చిన్నది నాకు వేడినీళ్ళు తేవడానికి వెళ్ళింది. అప్పుడు వార్డులో తెలుగూ హిందీ రెండూ వచ్చినదాన్ని నేనొక్కదాన్నే.

"ఏటమ్మా, మందెందుకు మింగవు?" అన్నాను.

ఆ పిల్ల గిరుక్కున తిరిగింది. ఆ తిరగడం చూసి ఎన్నాళ్ళయిందో!

"అది మింగితే నిద్దరొచ్చీత్తాదంట కదమ్మా. నిద్దర్లో కోసీత్తారంట," అంది, ఏడుస్తూ.

నేను నర్సుతో నా హిందీలో చెప్పాను. "ఏ డర్తా హై. సోయేగా తో కాటేగా, బోల్తా హై." ఆడా మగా కలిసిపోయాయి, పోనివ్వండి. నర్సుకి అర్థమైంది. అయ్యో, ఇది జ్వరం మాత్ర, కోసేదీ లేదు ఏమీ లేదు అని నవ్వింది. నేను ఆ పిల్లకి చెప్పాను. ఆ పిల్ల నా ముఖంలోకి చూసి, నిజమేనా అన్నట్టు ఇంకోసారి చూసి, మాత్ర వేసుకుని నీళ్ళు తాగింది. తాగి నవ్వింది. నేనూ నవ్వితే కుట్లు లాగాయి. లాగనీ అనుకున్నాను. ఆ వార్డులో నాకు పట్టిన మందు అదొక్కటే.

చిన్నది వేడినీళ్ళతో వచ్చి రెండు మంచాల మధ్య నిలబడింది. ఆ పిల్ల వేలు చూపించి, "ఆయమ్మ సెప్పినారు" అంది. చిన్నది "అచ్ఛా" అంది. గ్లాసు బల్ల మీద పెట్టింది గానీ, పెట్టిన చప్పుడు నాకు తెలుసు. నా వైపు చూడకుండా దుప్పటి సర్దింది.

"మీరు మాట్లాడకూడదు కదా అక్కా. కుట్లు ఊడిపోతే ఎవరు బాధపడాలి?" అంది. మూతి ముడుచుకుపోయి ఉంది. ముక్కు పుటాలు అదురుతున్నాయి.

ఆ ముఖం నేను ఎరుగుదును. పాలవాడు వచ్చాడని అబద్ధమాడిన నాటి నా ముఖం అది. ముందు నాకు పట్టరాని సంతోషం కలిగింది. దీనికీ మంట ఉందన్న మాట! ఆ తర్వాత, మెల్లిగా, ఇంకో సంగతి తట్టింది. ఆ ఖరగ్‌పూర్ క్వార్టర్లో ఇంతటి హిందీ వచ్చిన పిల్లని, నువ్వుంటే ధైర్యం అని ఎవరైనా ఎప్పుడైనా అన్నారా? నేను అడగలేదు. అది వచ్చి అన్నేళ్ళయినా దాని పుట్టింటి కబురు ఒక్కటి అడగలేదు. అది కూడా ఆ విచ్చుకునే ముఖాల కోసమే బతుకుతోంది. నేను దాన్నుంచి లాక్కోవాలని చూసినదీ అదే, అది నా నుంచి తెలియకుండా లాక్కున్నదీ అదే.

ఇంతలో నర్సు కాగితం పట్టుకుని వచ్చి ఆ పిల్లని మొగుడి పేరు అడిగింది. ఆ పిల్ల మళ్ళీ గోడ వైపు తిరిగిపోయింది. మా వైపు ఆడవాళ్ళు మొగుడి పేరు పైకి అనరు. ఎవరైనా చెవి దగ్గర పెడితే, పలానా దేవుడి పేరు, పలానా కొండ మీద సామి అని గుట్టుగా చెబుతారు. ఆ పిల్ల నా వైపు చూసి, రమ్మన్నట్టు చెయ్యి ఊపింది. నన్నే రమ్మంది, చిన్నదాన్ని కాదు. నేను లేవలేను. చిన్నది అది చూసి, చూడనట్టు ఫ్లాస్కు మూత బిగిస్తోంది.

"నువ్వెల్లవే," అన్నాను. "నాను లెగనేను కదా."

అది నా ముఖంలోకి చూసింది, మనసారా అన్నానా లేదా అని. తర్వాత వెళ్ళి ఒంగి చెవి పెట్టింది. ఆ పిల్ల చాలాసేపు గుసగుసలాడింది. మొగుడి పేరు ఎంత పెద్దదైనా అంతసేపు పట్టదు. ఉన్నట్టుండి ఇద్దరూ నోటికి కొంగులు అడ్డం పెట్టుకుని నవ్వేశారు. చిన్నది నర్సుకి పేరు చెప్పి, ముఖం విచ్చుకుని తిరిగి వచ్చింది.

"ఏటంతలా నవ్వుకున్నారు?"

"కుఛ్ నహీ, అక్కా," అంది.

ఏమీ లేదట. పంపింది నేనే. పంపిన మరుక్షణం మళ్ళీ మొదటికొచ్చాను. జావ తాగనన్నాను. బతిమాలితే తాగాను గానీ దానితో మాట్లాడలేదు.

మర్నాడు పొద్దున్న డాక్టరు రాగానే, నేను ఎప్పుడు నడవొచ్చని అడిగాను, నా హిందీలో నేనే. ఇంటికి వెళ్ళాలని తొందరగా ఉందా అని నవ్వాడాయన. కాదని తల అడ్డంగా ఊపాను. మరి ఎక్కడికి వెళ్ళాలన్నాడు. నేను పక్క మంచం మీది ఆ పిల్ల వైపు చెయ్యి చూపించాను.